టామీ జాన్ నిజంగా గొప్ప పిచ్చరా, ఆపరేషన్ వల్ల మిగిలిన పేరా?

మీరు అడిగింది క్లుప్తంగా ఇది. మీ పదమూడేళ్ళ అబ్బాయి టెక్సస్‌లోని ఫ్రిస్కోలో బేస్‌బాల్ ఆడతాడు, పిచ్చింగ్ చేస్తాడు, అంటే బ్యాటర్‌కి బంతి విసురుతాడు. మోచెయ్యి నొప్పిగా ఉందంటే కోచ్ "జాగ్రత్త, టామీ జాన్ దాకా పోతుంది" అన్నారు. ఆ టామీ జాన్ ఎవరు? నిజంగా గొప్ప ఆటగాడా, లేక మోచేతి ఆపరేషన్‌కి ఆయన పేరు పెట్టడం వల్లే జనానికి తెలిశాడా? అంత గొప్పవాడైతే బేస్‌బాల్ దిగ్గజాలకి చోటిచ్చే హాల్ ఆఫ్ ఫేమ్‌లో ఎందుకు లేడు? ఆ ఆపరేషన్ చేయించుకుంటే మునుపటికంటే వేగంగా విసరొచ్చని టీమ్‌లో ఇంకో తండ్రి అన్నారట, అది నిజమా?

ముందు సూటిగా చెప్పేస్తాను. గొప్ప పిచ్చరే, అనుమానం లేదు. అమెరికాలో అన్నిటికంటే పెద్ద స్థాయి బేస్‌బాల్ అయిన మేజర్ లీగ్‌లో 26 సీజన్లు ఆడి 288 గేములు గెలిచాడు. అందులో 164 ఆపరేషన్ తర్వాత గెలిచినవే. హాల్ ఆఫ్ ఫేమ్‌లో లేకపోవడం నా దృష్టిలో అన్యాయం, ఎందుకో కింద చెప్తాను. ఇక ఆపరేషన్ వల్ల వేగం పెరుగుతుందన్న మాట మాత్రం పచ్చి అబద్ధం. మీ అబ్బాయి వయసు పిల్లలకి ఆ మాట ప్రమాదకరం కూడా.

నేను డాలస్ పరిసరాల్లో చాలా ఏళ్ళుగా ఫిజియోథెరపిస్టుగా పనిచేస్తున్నాను. నా దగ్గరికి వచ్చేవాళ్ళలో విసిరే ఆటలాడే పిల్లలే ఎక్కువ, అందులోనూ మోచేతి ఆపరేషన్ అయ్యాక మళ్ళీ బంతి పట్టుకోవడం నేర్చుకునేవాళ్ళు. గుంటూరులో క్రికెట్ తప్ప ఇంకో ఆట తెలియకుండా పెరిగాను. బేస్‌బాల్ మీద ఇష్టం ఈ పనిలోంచే వచ్చింది. టామీ జాన్ కథ దాదాపు ప్రతి పేషెంటుకీ చెప్తాను, ఎందుకంటే ఆ ఆపరేషన్ తర్వాత ఏం చెయ్యాలో మొదట చేసి చూపించింది ఆయనే.

టామీ జాన్ 1943 మే 22న ఇండియానా రాష్ట్రంలోని టెర్రె హోట్‌లో పుట్టాడు. ఎడమచేతి వాటం. 1963లో ఇరవై ఏళ్ళ వయసులో క్లీవ్‌లాండ్ తరఫున మేజర్ లీగ్‌లో అడుగుపెట్టాడు. 1965 నుంచి ఏడు సీజన్లు షికాగో వైట్ సాక్స్‌కి ఆడాడు. 1968లో ఆయన ఈఆర్ఏ 1.98. ఈఆర్ఏ అంటే తొమ్మిది ఇన్నింగ్స్‌కి, అంటే ఒక పూర్తి గేమ్‌కి, సగటున పిచ్చర్ ఇచ్చిన పరుగులు, ఫీల్డర్ల తప్పుల వల్ల వచ్చినవి లెక్కలోకి రావు. రెండు కంటే తక్కువ అంటే చాలా గొప్ప. 1971 డిసెంబరులో డిక్ ఆలెన్ అనే భారీ హిట్టర్ కోసం వైట్ సాక్స్ ఈయన్ని లాస్ ఏంజెలిస్ డాడ్జర్స్‌కి ఇచ్చేసింది. డిక్ ఆలెన్ పేరు గుర్తుపెట్టుకోండి, చివర్లో మళ్ళీ వస్తుంది.

ఆయన ఆట గురించి చెప్పాల్సిన ముఖ్యమైన సంగతి ఒకటుంది. టామీ జాన్ వేగంతో భయపెట్టే పిచ్చర్ కాదు. ఆయన ఆయుధం సింకర్. బ్యాటర్ దాకా మామూలుగా వచ్చి, చివరి క్షణంలో కిందికి దిగిపోయే బంతి. బ్యాటర్ దాని పైభాగాన్ని మాత్రమే కొట్టగలడు, బంతి నేలమీద దొర్లుకుంటూ ఇన్‌ఫీల్డర్ చేతిలోకి పోతుంది. స్ట్రైకౌట్లు (బ్యాటర్ బంతిని కొట్టలేక ఔటవడం) తక్కువ, గ్రౌండ్ బాల్స్ ఎక్కువ, వాటివల్ల ఒకే బంతికి ఇద్దరు ఔటయ్యే డబుల్ ప్లేలు ఎక్కువ. మొత్తం కెరీర్‌లో 4,710 ఇన్నింగ్స్‌కి పైగా వేసి 2,245 స్ట్రైకౌట్లు తీశాడు. ఇన్నింగ్స్ లెక్కతో పోలిస్తే ఇది చిన్న అంకె. టీవీలో హైలైట్స్ చూసి పెరిగిన ఈ తరానికి ఇలాంటి పిచ్చర్ గొప్పతనం వెంటనే కనపడదు. మన క్రికెట్‌లో వికెట్లు ఎగరగొట్టకుండా, ఓవర్ల తరబడి ఒకేచోట బంతి వేసి బ్యాట్స్‌మన్‌ని విసిగించి ఔట్ చేసే బౌలర్లు తెలుసుగా, ఆ కోవ.

1974 జూలై 17

ఆ సీజన్లో ఆయన ఆట శిఖరాన ఉంది. 13 గెలుపులు, 3 ఓటములు, ఈఆర్ఏ 2.59. వయసు 31. ఆ రోజు డాడ్జర్ స్టేడియంలో మాంట్రియల్ ఎక్స్‌పోస్‌తో ఆడుతూ ఒక సింకర్ విసిరాడు, మోచేతిలో ఏదో తెగినట్టయింది. ఇంకో బంతి విసిరి చూశాడు. పట్టు లేదు. తనంతట తానే మైదానం దాటి వచ్చేశాడు.

తెగింది మోచేతి లోపలివైపు ఉండే లిగమెంట్, పొట్టిగా యూసీఎల్ అంటాం. భుజం నుంచి వచ్చే ఎముకనీ ముంజేతి లోపలి ఎముకనీ పట్టి ఉంచే బలమైన పట్టీ అది. వేగంగా విసిరేటప్పుడు చెయ్యి భుజం దగ్గర సెకనుకి దాదాపు 7,000 డిగ్రీల వేగంతో తిరుగుతుంది. ఆ తిరుగుడుకి ముందు మోచేతిలోని ఈ పట్టీ మీద పడే లాగుడు దాదాపు దాని శక్తి మేరకు ఉంటుంది. చుట్టూ ఉన్న కండరాలు కొంత భారం పంచుకోబట్టే ప్రతి బంతికీ తెగకుండా ఉంటుంది. కండరాలు అలిసిపోతే ఆ భారమంతా లిగమెంట్ మీదికి వస్తుంది. నా పనిలో నేను పిల్లలకి, తల్లిదండ్రులకి మొదట చెప్పేది ఈ ఒక్క విషయమే.

క్రికెట్ చూసి పెరిగిన మనకి ఇది కొత్తగా అనిపిస్తుంది. ఫాస్ట్ బౌలర్లకి ఈ గాయం ఎందుకు రాదని నన్ను చాలామంది తెలుగువాళ్ళు అడిగారు. కారణం నియమంలోనే ఉంది. క్రికెట్‌లో బంతి వదిలేటప్పుడు మోచెయ్యి 15 డిగ్రీలకి మించి చాపకూడదు. అందుకని బౌలర్ వేగం పరుగు నుంచి, నడుము వంపు నుంచి తెచ్చుకుంటాడు, దెబ్బ వెన్నుకి తగులుతుంది. బుమ్రాకి 2023లో ఆపరేషన్ అయింది వీపుకే. బేస్‌బాల్ పిచ్చర్ నిలబడిన చోటు నుంచే, మోచెయ్యి వంచి కొరడాలా విదిలించి విసరాలి. అందుకే ఇక్కడ బలయ్యేది మోచెయ్యి, భుజం.

1974లో ఈ గాయమైతే కెరీర్ ముగిసినట్టే. అంతకుముందు ఎందరు పిచ్చర్లు "చెయ్యి పోయింది" అనే ఒక్క మాటతో ఇంటికి వెళ్ళిపోయారో లెక్కలేదు. డాడ్జర్స్ డాక్టర్ ఫ్రాంక్ జోబ్ మొదట విశ్రాంతి ఇచ్చి చూశారు. వారాలు గడిచాక విసరబోతే చేత కాలేదు. అప్పుడు జోబ్‌కి ఒక ఆలోచన వచ్చింది. పోలియో వచ్చిన రోగుల చేతుల్లో పనిచెయ్యని కండరం బదులు వేరేచోటి టెండన్ తెచ్చి కలిపే ఆపరేషన్లు అప్పటికే ఉన్నాయి. అదే పద్ధతిలో తెగిన లిగమెంట్ స్థానంలో కొత్తది ఎందుకు కట్టకూడదని. మళ్ళీ మేజర్ లీగ్‌లో విసిరే అవకాశం నూటికి ఒక్క వంతు అని జోబ్ అంచనా. టామీ జాన్ ఒప్పుకున్నాడు. చేయించుకోకపోతే ఆ ఒక్క వంతు కూడా లేదు కదా.

1974 సెప్టెంబరు 25న ఆపరేషన్ జరిగింది. ఆయన కుడి ముంజేతి నుంచి పాల్మారిస్ లాంగస్ అనే సన్నటి టెండన్ తీశారు. ఎడమ మోచేతి రెండు ఎముకలకీ రంధ్రాలు వేసి, నులకమంచం అల్లినట్టు ఆ టెండన్‌ని అటూ ఇటూ దూర్చి బిగించారు.

ఈ టెండన్ మీకుందో లేదో మీరే చూసుకోవచ్చు. అరచెయ్యి పైకి పెట్టి బొటనవేలినీ చిటికెనవేలినీ కలపండి, మణికట్టుని కొంచెం మీవైపు వంచండి. మణికట్టు మధ్యలో తాడులా ఒకటి పైకి లేస్తే అదే. కొంతమందికి పుట్టుకతోనే ఉండదు, దానివల్ల చేతికి ఏ లోటూ రాదు. లేకపోయినా నష్టం లేదు కాబట్టే తీసి వాడుకోవడానికి పనికొచ్చింది. అది లేనివాళ్ళకి తొడ దగ్గరి టెండన్ వాడతారు. నా క్లినిక్‌లో పిల్లలకి ఇది చేసి చూపిస్తే భయం సగం పోతుంది, తమ చేతుల్లోనే ఉన్న విడిభాగం చూసుకున్నట్టు సంబరపడతారు.

అసలు గొప్పతనం ఆపరేషన్ తర్వాత కనపడింది

జనం ఆపరేషన్ దగ్గర ఆగిపోతారు. నేను గౌరవించేది ఆ తర్వాతి పద్దెనిమిది నెలల్ని.

మొదటి కొన్ని వారాల్లోనే ఎదురుదెబ్బ తగిలింది. మోచేతి పక్కనే పోయే అల్నార్ నరం దెబ్బతింది. మన మోచెయ్యి దేనికైనా తగిలితే చిటికెన వేలిదాకా జివ్వుమంటుందే, ఆ నరం. వేళ్ళలో స్పర్శ పోయి చెయ్యి పంజాలా ముడుచుకుపోయింది. డిసెంబరులో నరం కోసం రెండో ఆపరేషన్ చేశారు. 1975 సీజన్ మొత్తం పోయింది. అప్పటికి ఇలాంటి ఆపరేషన్ చేయించుకుని వెనక్కి వచ్చిన పిచ్చర్ లేడు, కాబట్టి ఎన్నో వారం ఏం చెయ్యాలి, ఎంత దూరం విసరాలి అని చెప్పే కాగితం కూడా లేదు. ఇవాళ నేను పేషెంటుకి ఇచ్చే ప్రణాళికలో ఏ నెలలో ఎన్ని అడుగుల దూరం, ఎన్ని బంతులు, ఎప్పుడు విరామం అన్నీ రాసి ఉంటాయి. టామీ జాన్ అవేవీ లేకుండా, మొద్దుబారిన వేళ్ళతో విసరడం మొదలుపెట్టాడు. స్పర్శ నెమ్మదిగా తిరిగొచ్చింది.

ఇంకో పని కూడా చేశాడు, అది చాలామందికి తెలియదు. తన టీమ్‌లోనే ఉన్న మైక్ మార్షల్ దగ్గర విసిరే పద్ధతి మార్చుకున్నాడు. మార్షల్ కూడా పిచ్చరే, పైగా శరీర కదలికల శాస్త్రం చదివినవాడు. ముప్పై దాటిన, అప్పటికే వందకు పైగా గేములు గెలిచిన ఆటగాడు కాలు ఎత్తే తీరు దగ్గర్నుంచి మళ్ళీ నేర్చుకోవడం అంటే మామూలు విషయం కాదు. పెద్ద స్థాయిలో ఆడినవాళ్ళని నేను దగ్గరగా చూశాను. గాయం మానడం కంటే అలవాటు మార్చుకోవడం వాళ్ళకి ఎక్కువ కష్టం.

1976 ఏప్రిల్ 16న అట్లాంటా మీద మళ్ళీ మైదానంలోకి దిగాడు. ఆ సీజన్లో 10 గెలుపులు, 10 ఓటములు. అంకె చూస్తే సాదాగా ఉంది, కానీ 207 ఇన్నింగ్స్ వేశాడు. అతికించిన మోచేతితో! ఈ రోజుల్లో పూర్తి ఆరోగ్యంగా ఉన్న పిచ్చర్లు కూడా అన్ని ఇన్నింగ్స్ వెయ్యడం అరుదు. 1977లో 20 గెలుపులు. ఆ ఏడాది లీగ్ ఫైనల్లో ఫిలడెల్ఫియా మీద వానలో తడుస్తూ మొత్తం గేమ్ ఒక్కడే వేసి, ఎదురుగా స్టీవ్ కార్ల్‌టన్ లాంటి మేటి పిచ్చర్ ఉండగా 4-1తో గెలిపించి డాడ్జర్స్‌ని మేజర్ లీగ్ అంతిమ పోరు అయిన వరల్డ్ సిరీస్‌కి తీసుకెళ్ళాడు. 1978లో 17 గెలిచాడు. తర్వాత న్యూయార్క్ యాంకీస్‌కి వెళ్ళి 1979లో 21, 1980లో 22. ముప్పై నాలుగు నుంచి ముప్పై ఏడేళ్ళ వయసులో నాలుగు సీజన్లలో 80 గెలుపులు. ఆపరేషన్ ముందు ఆయన ఒక్క సీజన్లో కూడా 20 గెలవలేదు.

వరల్డ్ సిరీస్ మాత్రం కలిసి రాలేదు. 1977, 1978లో డాడ్జర్స్ తరఫున యాంకీస్ చేతిలో ఓడాడు. యాంకీస్‌కి మారాక 1981లో డాడ్జర్స్ చేతిలో ఓడాడు. ఆ 1981 ఆరో గేమ్ తలచుకుంటే ఇప్పటికీ బాధేస్తుంది. స్కోరు 1-1, ఆయన బాగానే వేస్తున్నాడు. నాలుగో ఇన్నింగ్స్‌లో ఆయన బ్యాటింగ్ వంతు వచ్చేసరికి మేనేజర్ బాబ్ లెమన్ ఆయన్ని తీసేసి వేరే బ్యాటర్‌ని పంపాడు. పరుగు రాలేదు. తర్వాత వచ్చిన పిచ్చర్లని డాడ్జర్స్ చితక్కొట్టి 9-2తో కప్పు ఎగరేసుకుపోయారు.

ఆ తర్వాత కాలిఫోర్నియా ఏంజెల్స్, ఓక్లండ్, మళ్ళీ యాంకీస్. 1986లో మార్క్ మెక్‌గ్వైర్ అనే కుర్రాడు తన మొట్టమొదటి మేజర్ లీగ్ హిట్ టామీ జాన్ బంతి మీదే కొట్టాడు. ఆ కుర్రాడి తండ్రి టామీ జాన్‌కి పళ్ళ డాక్టరు! అప్పటికీ టామీ జాన్ ఆట మానలేదు. 1989లో, 45 ఏళ్ళ వయసులో, యాంకీస్ సీజన్ మొదటి గేమ్ వేసి గెలిచాడు. ఆ ఏడాదే రిటైరయ్యాడు. పెట్టిన టెండన్ పదమూడు సీజన్లకి పైగా, రెండున్నర వేలకి పైగా ఇన్నింగ్స్ మోసింది.

హాల్ ఆఫ్ ఫేమ్ సంగతి

ఎందుకు లేడంటే చెప్పే కారణాలు నాకు తెలుసు. 300 గెలుపుల గీతకి 12 తక్కువ. ఏడాదిలో ఉత్తమ పిచ్చర్‌కి ఇచ్చే సై యంగ్ అవార్డు రాలేదు, 1977లోనూ 1979లోనూ రెండో స్థానంతో ఆగాడు. వరల్డ్ సిరీస్ ఉంగరం లేదు. స్ట్రైకౌట్లు తక్కువ. ఎక్కువకాలం ఆడి అంకెలు పోగేశాడని ఇంకో మాట. పత్రికా రచయితల ఓటింగ్‌లో 75 శాతం కావాలి. ఆయనకి పదిహేనేళ్ళలో వచ్చిన అత్యధికం, చివరి ఏడాది 2009లో, 31.7 శాతం.

నా వాదన వినండి. ఆయన పోగొట్టుకున్నది 1974లో సగం సీజన్, 1975 మొత్తం. జూలై మధ్యకే 13-3 మీద ఉన్న పిచ్చర్‌కి ఆ ఏడాదిన్నరలో ఇంకో 12 గెలుపులు రావడం పెద్ద విషయమా? ఎడమచేతి పిచ్చర్లలో ఆయనకంటే ఎక్కువ గేములు గెలిచినవాళ్ళు చరిత్ర మొత్తంలో ఆరుగురే: స్పాన్, కార్ల్‌టన్, ప్లాంక్, గ్లావిన్, రాండీ జాన్సన్, గ్రోవ్. ఆరుగురూ హాల్ ఆఫ్ ఫేమ్‌లో ఉన్నారు. 287 గెలిచిన బర్ట్ బ్లైలెవెన్‌ని 2011లో తీసుకున్నారు. 283 గెలిచిన జిమ్ కాట్‌ని 2022లో తీసుకున్నారు. కాట్ కూడా ఎడమచేతి వాటమే, ఆయనా పాతికేళ్ళు ఆడినవాడే. 288 గెలిచి, అందులో సగానికి పైగా అతికించిన మోచేతితో గెలిచినవాడు బయటే ఉన్నాడు.

ఒకటి ఒప్పుకోవాలి. ఈనాటి విశ్లేషకులు గెలుపుల అంకెకి పెద్ద విలువ ఇవ్వరు, అందులో న్యాయం ఉంది. స్టార్టింగ్ పిచ్చర్ ఐదు ఇన్నింగ్స్ వేసి, తను దిగేసరికి జట్టు ఆధిక్యంలో ఉండి, ఆ ఆధిక్యం చివరిదాకా నిలిస్తేనే గెలుపు ఆయన ఖాతాలో పడుతుంది. తన బ్యాటర్లు కొట్టకపోతే ఎంత బాగా వేసినా లాభం లేదు. అందుకే నేను గెలుపులతో పాటు ఆయన వేసిన 700 గేముల ఆరంభాలు, 46 షటౌట్లు (ఒక్క పరుగూ ఇవ్వకుండా మొత్తం వేసిన గేములు), 3.34 ఈఆర్ఏ కూడా చూస్తాను. పాతికేళ్ళకి పైగా సాగిన కెరీర్‌కి ఇవి మామూలు అంకెలు కావు.

2024 డిసెంబరులో పాత ఆటగాళ్ళ కమిటీ మళ్ళీ ఆయన పేరు చూసింది. 16 మందిలో 12 ఓట్లు కావాలి, ఆయనకి 7 వచ్చాయి. అదే సమావేశంలో ఎన్నికైన ఇద్దరిలో ఒకరు డిక్ ఆలెన్, 1971లో ఎవరి కోసమైతే టామీ జాన్‌ని వదులుకున్నారో ఆయనే. ఆలెన్‌కి ఆ గౌరవం దక్కాల్సిందే, అప్పటికి ఆయన చనిపోయి నాలుగేళ్ళు. టామీ జాన్ విషయంలో అంత ఆలస్యం జరగకూడదని నేను మనస్ఫూర్తిగా కోరుకుంటున్నాను. డాక్టర్ జోబ్‌ని 2013లో, హాల్ ఆఫ్ ఫేమ్ ఉన్న కూపర్స్‌టౌన్‌లో, హాల్ ఆఫ్ ఫేమ్ వేడుకల్లోనే సత్కరించారు, మరుసటి ఏడాది ఆయన కన్నుమూశారు. డాక్టర్‌కి చేసిన సన్మానం పేషెంటుకి చెయ్యకపోవడం ఏం సబబు?

ఆయన తర్వాత నడిచినవాళ్ళు

ఈ ఆపరేషన్ లేకపోతే ఇవాళ్టి బేస్‌బాల్ వేరేగా ఉండేది. జాన్ స్మోల్ట్జ్ 2000లో చేయించుకున్నాడు, 2015లో హాల్ ఆఫ్ ఫేమ్‌లో చేరాడు. ఈ ఆపరేషన్ అయిన పిచ్చర్లలో అక్కడికి చేరిన మొదటివాడు ఆయనే. జస్టిన్ వర్లాండర్ 2020లో, 37 ఏళ్ళ వయసులో చేయించుకుని, 2022లో 18-4తో వచ్చి సై యంగ్ గెలిచాడు. షోహె ఓటానీకి 2018లో అయింది. మన టెక్సస్ రేంజర్స్‌లోనే చూడండి, జేకబ్ డిగ్రోమ్, నేథన్ ఇవాల్డీ ఇద్దరికీ రెండేసిసార్లు అయింది. నోలన్ రయాన్ కెరీర్ 1993లో ముగిసింది కూడా ఈ లిగమెంట్ తెగే. అప్పటికి ఆయనకి 46 ఏళ్ళు, అదే తన చివరి సీజన్ అని ముందే చెప్పేశాడు.

ఇంతమంది తిరిగొచ్చారు కాబట్టి అదేదో మంత్రం అనుకోవడం మొదలైంది. నా దగ్గరికి హైస్కూల్ పిల్లల తల్లిదండ్రులు వచ్చి, లిగమెంట్ బాగానే ఉన్నా "ముందే చేయించేస్తే కాలేజీకి వెళ్ళేసరికి వేగం పెరుగుతుందిగా" అని అడిగారు. ఒక్కరు కాదు, పలుమార్లు విన్నాను. తెలుగు కుటుంబాల నుంచి కూడా. ఆపరేషన్ వేగాన్ని పెంచదు. కొందరు తిరిగొచ్చాక వేగంగా విసరడం నిజమే. దానికి కారణం వేరు. ఏడాదికి పైగా కాళ్ళు, నడుము, భుజం కండరాల మీద క్రమశిక్షణతో పనిచేస్తారు. పదిహేడేళ్ళ కుర్రాడు ఆ ఏడాదిలో ఎత్తు, బరువు పెరుగుతాడు. ఆ కసరత్తంతా కోత లేకుండా కూడా చెయ్యొచ్చు. తిరిగి రాలేనివాళ్ళు కూడా ఉన్నారు, వాళ్ళ పేర్లు టీవీలో వినపడవు, అంతే. పెద్ద స్థాయిలో పదిమందిలో ఎనిమిది మంది దాకా మళ్ళీ ఆడగలుగుతారు. మిగిలిన ఇద్దరిలో మీవాడు ఉండడని ఎవరు చెప్పగలరు?

కోలుకోవడం ఎలా ఉంటుందంటే, మొదటి వారాలు చేతికి బ్రేసు. నాలుగో నెల దాటాక మెల్లగా బంతి విసరడం, అదీ కొద్ది అడుగుల దూరం. తొమ్మిదో నెల చుట్టుపక్కల మౌండ్ (పిచ్చర్ నిలబడి విసిరే దిబ్బ) మీదికి. గేమ్ ఆడటానికి పన్నెండు నుంచి పద్దెనిమిది నెలలు. పదహారేళ్ళ పిల్లాడికి ఏడాదిన్నర అంటే ఎంత పెద్ద కాలమో ఊహించండి. స్నేహితులంతా ఆడుతుంటే గోడవైపు తిరిగి రబ్బరు బ్యాండు లాగుతూ కూర్చోవాలి. ఏడ్చిన పిల్లల్ని చూశాను.

బాధ కలిగించే నిజం ఇంకొకటి. 2007 నుంచి 2011 వరకు అమెరికాలో జరిగిన ఈ ఆపరేషన్లని లెక్కేస్తే, సగానికి పైగా 15 నుంచి 19 ఏళ్ళ వాళ్ళకే జరిగాయి. కారణాలు దాపరికమేమీ కాదు. ఏడాది పొడవునా ఒకే ఆట, వారాంతంలో టోర్నమెంటు మీద టోర్నమెంటు, రెండు మూడు టీముల్లో ఆడటం, రాడార్ గన్ మీద అంకె కోసం ప్రతి బంతీ పూర్తి బలంతో విసరడం. మేజర్ లీగ్‌లో ఫాస్ట్‌బాల్ సగటు వేగం 2008లో గంటకి 91 మైళ్ళ చుట్టూ ఉండేది, 2024కి 94 దాటింది. పెద్దవాళ్ళని చూసి పిల్లలు అదే పట్టుకున్నారు. టామీ జాన్ స్వయంగా ఈ విషయం మీద చాలాకాలంగా మాట్లాడుతున్నారు. పిల్లలకి తన పేరుతో ఆపరేషన్లు జరగడం ఆయనకి ఏమాత్రం ఇష్టం లేదు.

ఇక మీ అబ్బాయి గురించి

పదమూడేళ్ళ పిల్లాడికి మోచేతి లోపలివైపు నొప్పి అంటే చాలావరకు లిగమెంట్ సమస్య కాదు. ఆ వయసులో అక్కడి ఎముకలో ఎదుగుదల పొర ఇంకా గట్టిపడి ఉండదు. లిగమెంట్ కంటే అదే బలహీనం, లాగుడుకి ముందు అదే దెబ్బతింటుంది. సకాలంలో ఆపితే విశ్రాంతితోనే మానుతుంది. కోచ్ గారు టామీ జాన్ పేరెత్తి భయపెట్టింది మంచికే అనుకోండి, కానీ ఆ పేరు విని రాత్రంతా టెన్షన్ పడాల్సిన పనిలేదు. విసరడం ఈ రోజే ఆపించండి. మాత్ర వేసి ఆడించొద్దు. పిల్లల స్పోర్ట్స్ గాయాలు చూసే ఆర్థోపెడిక్ డాక్టర్‌కి చూపించండి. రెండు మోచేతులకీ ఎక్స్‌రే తీస్తే పోల్చి చూడటం తేలిక, అది మీరే అడగండి.

తిరిగి మొదలుపెట్టాక లెక్క మీ చేతిలో ఉండాలి. పిల్లల బేస్‌బాల్ నడిపే లిటిల్ లీగ్ నియమాల ప్రకారం 13 ఏళ్ళకి రోజుకి 95 బంతులకి మించకూడదు. 14 ఏళ్ళు, అంతకంటే చిన్న పిల్లాడు 66 గానీ అంతకంటే ఎక్కువ గానీ వేస్తే నాలుగు రోజులు విరామం. 41 గానీ అంతకంటే ఎక్కువ గానీ వేసినవాడు ఆ రోజు క్యాచర్‌గా (బ్యాటర్ వెనక బంతి పట్టేవాడిగా) కూర్చోకూడదు. ఏడాదిలో నాలుగు నెలలు అసలు పిచ్చింగ్ వద్దని, అందులో కనీసం రెండు మూడు నెలలు వరసగా ఉండాలని మేజర్ లీగ్, యూఎస్ఏ బేస్‌బాల్ కలిసి ఇచ్చిన సూచనలు చెప్తున్నాయి. ఫ్రిస్కోలో వాతావరణం ఏడాదంతా ఆడటానికి అనుకూలం కాబట్టి మన వైపు పిల్లలకి ఈ విరామం తానుగా దొరకదు, మీరే ఇప్పించాలి. ఆ నెలల్లో బాస్కెట్‌బాల్ ఆడనివ్వండి, సాకర్ ఆడనివ్వండి. రెండు టీముల్లో ఆడుతుంటే ఒక కోచ్‌కి రెండో కోచ్ వేయించిన బంతులు తెలియవు. ఫోన్లో తేదీ, బంతుల సంఖ్య రాసిపెట్టుకుని ఇద్దరికీ చూపించండి.

ఎక్స్‌రే రిపోర్టు వచ్చాక, నొప్పి ఏ కదలికలో ఎక్కువగా వస్తోందో, మర్నాడు పొద్దున కూడా ఉంటోందో లేదో రాయండి. ఎదుగుదల పొర సమస్యే అయితే ఇంట్లో చేయించాల్సిన భుజం వ్యాయామాలు, ఏ వారం నుంచి మొదలుపెట్టాలో వివరంగా చెప్తాను.